తవిటినాయుడి గడప

వెదుళ్ళపేట లక్ష్మివారం సంతలో తవిటినాయుడు తువ్వాలు తియ్యనిదే జత ఎద్దులు చేతులు మారేవి కావు. ఆయన ఎద్దుల బేరగాడు. అమ్మేవాడి చెయ్యి పట్టుకుని, పైన తువ్వాలు కప్పి, దాని కింద వేళ్ళు నొక్కి ధర చెబుతాడు. అవతలివాడు వేళ్ళు నొక్కే జవాబిస్తాడు. పైకి మాత్రం ఇద్దరూ ఆకాశంకేసి చూస్తూ వానల సంగతి మాట్లాడుకుంటారు. బేరం తెగాక నాయుడు తువ్వాలు ఒక్క దులుపు దులిపి భుజాన వేసుకుంటాడు. ఆ దులుపుడు చప్పుడు వినడానికే కొందరు సంతకు వచ్చేవారు.

అలాంటి మనిషిని ఒక కోడె తన్నింది. కోడెది తప్పని ఎవరూ అనలేదు. తోక మొదట్లో సుడి ఉందో లేదో చూద్దామని ఆయనే చెప్పాపెట్టకుండా వెనక నుంచి వంగాడు. తుంటి విరిగింది. పట్నంలో పెద్దాసుపత్రివాళ్ళు కోసి, లోపల ఇనుము వేసి, కుట్టి పంపించారు. మంచాన పడుండగా కాలిలో రక్తం గడ్డకట్టింది. దానికి రక్తం పలచబడే మాత్ర రాశారు. ఆ మాత్రతో ఒక చిక్కుంది. వారం వారం రక్తం తీసి చూసి, ఎంత మాత్ర వేసుకోవాలో డాక్టరు చెప్పాలి. ఎక్కువైతే చిగుళ్ళలోంచి రక్తం కారుతుంది. తక్కువైతే కాలిలో గడ్డ కదిలి గుండెకు పోతుంది. రెండూ బాగుండవు.

రక్తం చూసే ల్యాబు పట్నంలో ఉంది. బస్సు కుదుపులకు తట్టుకుని అక్కడికి వెళ్ళే తుంటి కాదు ఆయనది. అలాంటివాళ్ళ కోసమే ప్రభుత్వం ఒక పథకం పెట్టింది. ఇల్లు కదలలేని రోగి దగ్గరికే మనిషి వచ్చి రక్తం తీసుకుపోతుంది. వచ్చిపోయే ఖర్చూ, సూది ఖర్చూ బిల్లు పెడితే ల్యాబుకు ప్రభుత్వం ఇస్తుంది. మంచి పథకం. మంచిది కనకనే దాన్ని ఎవరో దుర్వినియోగం చేస్తారని ప్రభుత్వానికి భయం పట్టుకుంది. రక్తం తియ్యడానికి ఒక మనిషిని పెట్టారు. ఆ భయం చూసుకోవడానికి ఒక ఆఫీసే పెట్టారు.

రక్తం తీసే మనిషి పేరు నీలవేణి. సోమవారం సోమవారం స్కూటీ మీద మంచు డబ్బా కట్టుకుని వచ్చేది. సూది గుచ్చేటప్పుడు ఎద్దుల సంగతి అడిగేది. ఆయన చెప్పడం మొదలుపెట్టేలోగా సీసా నిండేది.

తొలకరి వానలు పడేసరికి తవిటినాయుడు కర్ర పట్టుకుని నాలుగు అడుగులు వేయగలిగాడు. ఆయన మనసంతా సంత మీదే ఉంది. సంత ఆ వీధి చివరే. మంచంలో పడుకుంటే ఎద్దుల మెడగంటలు వినిపిస్తాయి. ఆయన లేని చోట పోలినాయుడనే వేరే బేరగాడు తువ్వాలు తీస్తున్నాడని విన్నాడు. దసరా దాటితే ఎద్దుల కొనుగోలు జోరు తగ్గిపోతుంది. ఈలోగా వెళ్ళకపోతే ఆ చోటు పోలినాయుడిదే అయిపోతుంది. బేరగాడికి చోటు పోతే పేరు పోతుంది. పేరు పోయాక తువ్వాలు తుడుచుకోవడానికి తప్ప పనికిరాదు.

ఒక సోమవారం ఆయన గడప దాటి, అరుగు మీద ఎండకు కూర్చున్నాడు. నీలవేణి అక్కడే రక్తం తీసింది. ఎక్కడ తీశావు అన్న గడిలో ఉన్నమాట రాసింది, అరుగు మీద అని.

బిల్లు తిరిగి వచ్చేసింది. రోగి గృహబద్ధుడు కాడు, ఎండ కాచుకొనుచున్నాడు అని దాని మీద ఎర్ర సిరాతో రాసి ఉంది. వారం తిరక్కుండానే ఆ ఎర్ర సిరా ఆయనే స్వయంగా జీపు దిగాడు.

ఆయన పేరు నిష్ఠల చక్రధరం. హోదా గృహబద్ధతా నిర్ధారణాధికారి. ఒక చేతిలో కొలిచే టేపు, రెండో చేతిలో మేస్త్రీలు వాడే రసమట్టం. రాగానే మంచినీళ్ళు కూడా పుచ్చుకోకుండా తవిటినాయుడి గడపను నిలువుగా, అడ్డంగా కొలిచాడు. రసమట్టం పెట్టి బుడగ చూశాడు. గున్నమ్మ అప్పుడే గడపకు పసుపు రాసింది. ఆయన వేళ్ళకు అంటుకుంది. గున్నమ్మ నాయుడి భార్య. ఆమె ఆయన వేళ్ళ వైపు చూసిందే గాని గుడ్డ ఇవ్వలేదు.

కొలత అయ్యాక అధికారి నిలబడి చెప్పాడు.

"గృహబద్ధుడనగా తన నివాసపు గడపను దాటజాలని రోగి. గడపకు ఆవల ఉన్నంతసేపు రోగి ఆరోగ్యవంతుడిగా పరిగణింపబడును. ఆరోగ్యవంతుడికి రక్తపరీక్ష అనవసరం."

తవిటినాయుడు ముప్పై ఏళ్ళు బేరాలు చేసిన మనిషి. ఎదుటివాడి మొదటిమాట ఎప్పుడూ ఆఖరి మాట కాదని ఆయనకు తెలుసు.

"కాలు లోన, తల బైట ఉంటే ఏటి బాబూ?" అని అడిగాడు.

చక్రధరం మొహం వికసించింది. ఉద్యోగంలో చేరాక ఎవరూ ఆయన్ని ఇంత మంచి ప్రశ్న అడగలేదు. కళ్ళు మూసుకుని ఆలోచించాడు. తరవాత, సూది గుచ్చబడు అవయవమే రోగి అనీ, తక్కిన దేహము దానికి అనుబంధము మాత్రమే అనీ తీర్పు చెప్పాడు. అక్కడికక్కడే కాగితం మీద రాసి, ముద్ర వేసి, మండలమంతటికీ వర్తిస్తుందని ప్రకటించి వెళ్ళిపోయాడు.

తరవాతి సోమవారం నుంచి తవిటినాయుడు అరుగు మీద కూర్చుని, చెయ్యి మాత్రం కిటికీలోంచి లోపలికి పెట్టేవాడు. నీలవేణి లోపల ఆయన మంచం మీద కూర్చుని ఆ చెయ్యికి రక్తం తీసేది. బిల్లులో రోగి పేరు దగ్గర తవిటినాయుడు కుడిచెయ్యి అని రాసేది. బిల్లు డబ్బు వచ్చేది. చెయ్యి గృహబద్ధం. మనిషి బయట చుట్ట కాల్చుకుంటూ వచ్చేపోయేవాళ్ళని పలకరించేవాడు. లోపలినుంచి మూడో మనిషి గొంతు వినిపిస్తే వాళ్ళు ఉలిక్కిపడేవారు.

ఆ తీర్పు అక్కడితో ఆగితే బాగుండేది. మండలమంతటికీ వర్తిస్తుందన్నాడు కనక చక్రధరం మండలమంతా తిరిగాడు.

ఊరి చివర, సంత దాటాక, సుభద్రమ్మ అనే ఆవిడ నడిపే శరణాలయం ఉంది. మంచం పట్టినవాళ్ళూ, మతి తప్పినవాళ్ళూ, ఆసుపత్రి నుంచి వచ్చి కోలుకునేవాళ్ళూ అక్కడ ఉంటారు. నీలవేణి వాళ్ళకూ రక్తం తీసేది. చక్రాల కుర్చీలు తిరగాలని సుభద్రమ్మ ఒక్క గదికీ గడప పెట్టించలేదు. చక్రధరం రసమట్టం పట్టుకుని గది గదికీ వెళ్ళాడు. ప్రతి గుమ్మంలోనూ నేల చదునుగా ఉంది. బుడగ మధ్యలోంచి కదలలేదు. ఆయన మొహం చిన్నబోయింది.

గడప లేనిది గృహము కాదు, గృహము లేనిచోట బద్ధత లేదు, కాబట్టి ఇచటి రోగులందరును ప్రస్తుతము వీధిలో ఉన్నట్లు లెక్క అని చెప్పాడు. ఏళ్ళ తరబడి మంచం దిగని ఒక ముసలామె, తను ఏ వీధిలో ఉన్నదో కాస్త కనుక్కుని చెప్పమని సుభద్రమ్మను అడిగింది.

సుభద్రమ్మ తలబాదుకుని వడ్రంగిని పిలిపించింది. గది గదికీ జానెడెత్తు గడప లేచింది. ఎత్తు తగ్గితే చెల్లదని చక్రధరం దగ్గరుండి కొలిపించాడు. పసుపు కూడా రాయించాడు. పసుపు లేని గడప ఉత్త దుంగ అని ఆయన అభిప్రాయం.

మొదట పడ్డది వంటమనిషి. సాంబారు గిన్నెతో సహా పడింది. ఆ సాంబారు మీద కాలు జారి ఇద్దరు ఆయాలు పడ్డారు. ఏం జరిగిందో చూద్దామని వచ్చిన డాక్టరు రెండో గడప తన్నుకుని పడ్డాడు. చక్రాల కుర్చీలో తోటకు వెళ్ళి తులసి దగ్గర కూర్చునేవాళ్ళు గడప దాటలేక గదుల్లోనే ఉండిపోయారు. పడ్డవాళ్ళంతా కాళ్ళకు కట్లు కట్టుకుని అక్కడే ఖాళీ మంచాల్లో పడుకున్నారు. అందరూ గడప దాటజాలనివాళ్ళే. అందరూ అర్హులే.

నెల తిరిగేసరికి గృహబద్ధుల అభివృద్ధిలో రాష్ట్రం మొత్తానికి ఈ మండలమే ముందుందని రాజధాని నుంచి చక్రధరానికి మెచ్చుకోలు వచ్చింది. దాని వెనకే, ఇంకా పెంచమని ఉత్తరువు వచ్చింది. ఆనాటి నుంచి ఆయనకు నిద్రలేదు. కాలు బాగున్న మనిషిని ఎవరిని చూసినా ఆయన కళ్ళలో ఒకరకమైన దిగులు కనిపించేది.

ఇంతలో శరణాలయంలో అన్నం పెట్టే నాథుడు లేకుండా పోయాడు. సుభద్రమ్మ వెళ్ళి కాళ్ళావేళ్ళా పడితే చక్రధరం ఒక వెసులుబాటు ఇచ్చాడు. అన్నము వచ్చు వేళ గడపను పెకలించి, ఇంటివారికి అనువైన మరొక చోట నిలుపుకొనవచ్చును. ఎచట నిలిపిరో అచటనే గృహము ముగిసినట్లు. ఆ కాగితాన్ని శరణాలయం గోడకు అంటించారు. తరవాత దాన్ని అక్కడ ఎవరూ చదవలేదు. చదవగలిగినవాళ్ళందరూ మంచాల్లో ఉన్నారు.

ఇటు తవిటినాయుడికి చెయ్యి లోపలా తను బయటా ఉండి ఉండి ధైర్యం వచ్చింది. ఒక లక్ష్మివారం కర్ర పట్టుకుని మెల్లగా సంతకు వెళ్ళాడు. తన చోట నిలబడ్డాడు. పోలినాయుడు మర్యాదగానే పక్కకు జరిగాడు. ఆవేళ నాయుడు ఒక్క బేరమే చేశాడు. తువ్వాలు దులిపితే సంతంతా తిరిగి చూసింది. ఇంటికి వచ్చి రెండు గిన్నెల అన్నం తిన్నాడు.

మర్నాడు పోలినాయుడు ఆఫీసుకు వెళ్ళి తను చూసింది చెప్పాడు. అంతకన్నా మర్యాదగా చెప్పాడట.

వెంటనే కాగితం వచ్చింది. సంతకు పోయిన దేహమునకు చెందిన చెయ్యి, ఎంత ఇంట్లో ఉన్నను, సంతకు పోయిన చెయ్యిగానే ఎంచబడును. తవిటినాయుడు పేరు పథకంలోంచి కొట్టేశారు.

సోమవారం నీలవేణి వచ్చి గడప దగ్గరే నిలబడిపోయింది. రక్తం తీసుకెళ్ళినా పథకంలో పేరు లేనివాళ్ళది ల్యాబులో ముట్టుకోరని చెప్పింది. పరీక్ష లేనిదే మాత్ర రాయనని పట్నం డాక్టరు కబురు చేశాడు. ఆ వారం గడిచింది. రెండో వారం కూడా గడిచేసరికి కాలు పిక్క దగ్గర వాచి, ముట్టుకుంటే వేడిగా ఉంది.

"సంతకెల్లకుండా పడుంటానని రాసిచ్చియ్యి" అంది గున్నమ్మ. "పేరు మల్లీ ఎక్కిస్తారు. మనిషి ముక్కెం. సంత నేకపోతే సచ్చిపోతావేటి?"

"కాలు బాగునేకపోతే సచ్చిపోతాను. సంత నేకపోతే బతికుండి సేసిదేటుంది?" అన్నాడు నాయుడు.

గున్నమ్మ వాచిన కాలు ఒళ్ళో పెట్టుకుని కూర్చుంది. పెళ్ళయిన కొత్తలో ఆయన తొలి బేరం చేసి తువ్వాలు దులిపినప్పుడు ఆమె సంతలో గాజుల దుకాణం దగ్గర నిలబడి ఉంది. ఆ మాట ఆమె ఆయనకు ఎప్పుడూ చెప్పలేదు. ఇప్పుడూ చెప్పలేదు. కాసేపయ్యాక, శరణాలయానికి పాలు పోయడానికి వెళ్ళినప్పుడు చూశాననీ, అక్కడ గడపల్ని పూటకోసారి పీకి వరండాలో ఒకచోట, వసారాలో ఒకచోట పెడుతున్నారనీ, అలా చెయ్యొచ్చని గోడకి కాగితం కూడా అంటించి ఉందనీ, ఏదో వేరే సంగతి చెబుతున్నట్టు చెప్పింది.

తవిటినాయుడు మంచం మీద లేచి కూర్చున్నాడు. ఎక్కడ నిలిపితే అక్కడే ఇల్లు ముగుస్తుందని ఉందా అని అడిగాడు. ఉందని ఆమె చెప్పింది. మళ్ళీ చెప్పమన్నాడు. మళ్ళీ చెప్పింది.

వడ్రంగి సూర్యాచారి వచ్చి గడప ఊడబెరికాడు. తాతలనాటి వేపమాను అది. నలుగురు మోసుకెళ్ళి వీధి చివర, సంత దాటాక, రెండు గుంజలు పాతి వాటి మధ్య దించారు. శుక్రవారం పొద్దున్నే గున్నమ్మ పసుపూ కుంకుమా పట్టుకుని సంతంతా దాటి వెళ్ళి రాసి వచ్చింది. దారిలో ఇద్దరు ముగ్గురు ఎక్కడికని అడిగితే, గుమ్మం దాకా అని చెప్పింది.

లక్ష్మివారం తవిటినాయుడు ఇల్లు దాటకుండా సంతలోకి వెళ్ళి నిలబడ్డాడు. పోలినాయుడు ఆఫీసుకు పరిగెత్తాడు. మధ్యాహ్నం లోపే జీపు వచ్చింది.

చక్రధరం గుంజల మధ్య గడపను చూశాడు. కొలిచాడు. రసమట్టం పెట్టాడు. పసుపు అంటుకుంది. చుట్టూ ఎద్దులూ, పలుపులూ, పచ్చగడ్డి మోపులూ, బెల్లపు దిమ్మలూ, జనం.

"ఏమయ్యా నాయుడూ, సంత నీ ఇంట్లోకి ఎటుల వచ్చినది?" అన్నాడు.

"అది రానేదు బాబూ. గడపే ఎల్లింది. తవరి కాగితవే ఎల్లమంది."

జనం నవ్వలేదు. సంతలో బేరం జరిగేటప్పుడు నవ్వకూడదని వాళ్ళకు తెలుసు. చక్రధరం తన కాగితాన్ని తనే రెండుసార్లు చదువుకున్నాడు. దాన్ని తప్పని చెబితే శరణాలయంలో గడపలన్నీ తప్పే. అవి తప్పయితే రాజధాని మెచ్చుకోలు తప్పు. ఒప్పని చెబితే ఎదురుగా సంత. పెద్ద ఇబ్బందిలో పడ్డాడు. అప్పుడు తవిటినాయుడు భుజం మీది తువ్వాలు తీసి, మాటలతో పని లేదు బాబూ, చెయ్యి ఇలా ఇయ్యండి అని అడిగాడు. గడప ఎంత దూరంలో ఉండాలో తేల్చుకుందాం, వేలుకు వంద బారలు అని చెప్పాడు.

అధికారి అటూ ఇటూ చూసి చెయ్యి ఇచ్చాడు. తువ్వాలు కప్పారు.

తవిటినాయుడు రెండు వేళ్ళు నొక్కాడు. సంత చివరి దాకా చాలని. చక్రధరం ఊరుకున్నాడు. తవిటినాయుడికి అనుమానం వచ్చి, పోనీ ఒకటిన్నర అన్నట్టు వేలు సగం మడిచి నొక్కాడు. అప్పుడు చక్రధరం ఆయన మడిచిన వేలు సాఫు చేసి, పక్కన మూడోది కలిపాడు. నాయుడు ఆకాశంకేసి చూస్తున్నవాడల్లా చూపు దించాడు. చక్రధరం నాలుగోది పట్టుకున్నాడు. అయిదోది. చెయ్యి అయిపోతే రెండో చెయ్యి ఇమ్మన్నాడు. ముప్పై ఏళ్ళలో కొనేవాడే ధర పెంచుకుంటూ పోవడం తవిటినాయుడు చూడలేదు. వాన వస్తుందంటావా అని చక్రధరం అడిగాడు. ఆ మనిషి బేరం నేర్చుకున్నాడని నాయుడికి అర్థమైంది.

ఆయన లెక్క వేరు. గృహబద్ధుల్ని ఇంకా పెంచమని ఉత్తరువు ఉంది. సంత దాకా ఇల్లయితే సంతవాళ్ళే లోపలుంటారు. ఊరవతల తారురోడ్డు మీద పెడితే ఊరు ఊరంతా లోపలుంటుంది. గడప దాటకుండా ఉన్నంతకాలం అందరూ గృహబద్ధులే.

బేరం తెగింది. తువ్వాలు దులిపిన చప్పుడు శరణాలయం దాకా వినిపించింది.

ఆ సాయంత్రమే గడప ఊరవతల రోడ్డుకు అడ్డంగా దిగింది. చక్రధరం ఊరంతటికీ కలిపి ఒక్క ధ్రువపత్రం రాశాడు. ఇల్లన్నాక బాధ్యతగల ఇంటిపెద్ద ఒకడు ఉండాలని అందులో ఒక గడి ఉంది. తవిటినాయుణ్ణి సంతకం పెట్టమంటే, ఇంత కొంప నావల్ల కాదన్నాడు. మిగతా ఎవరూ ముందుకు రాలేదు. చక్రధరం తనే ఇంటిపెద్దగా సంతకం పెట్టాడు. దుర్వినియోగం జరగకుండా, ఇంటిపెద్ద గడప దాటినచో ఇల్లంతయు దాటినట్లే అని కింద ఒక వాక్యం కూడా తనే కలిపాడు. తక్కినవాళ్ళు పట్నం వెళ్ళాలంటే, గడప దగ్గర నిలబడి, చుట్టపుచూపుగా వచ్చాం, వెళ్ళొస్తాం అని చెబితే చాలునన్నాడు.

ఇల్లన్నాక మర్యాదలుంటాయి. బస్సు గడప దగ్గర ఆగేది. జనం దిగి చెప్పులు అక్కడే విడిచి, కాళ్ళు కడుక్కుని నడిచి వచ్చేవారు. ఊరవతల చెప్పుల గుట్ట చూసి, ఇక్కడ ఏదో మహిమగల దేవుడు వెలిశాడనుకుని కొందరు దణ్ణం పెట్టుకుని పోయేవారు. శుక్రవారం గున్నమ్మ ముగ్గు వేస్తున్నంతసేపూ లారీలు అటూ ఇటూ వరసకట్టి నిలబడేవి. కొత్త కోడళ్ళు ఎక్కడ కాలు పెట్టి లోపలికి రావాలో తెలియక ఊరేగింపుల్లో తగాదాలయ్యేవి. ఇంట్లో ఇంట్లోవాళ్ళ దగ్గర సంత పన్నేమిటి, ఆశీలేమిటని రైతులు అడిగితే ఆశీలు పాటదారు రసీదు పుస్తకం మూసి సంచిలో పెట్టుకున్నాడు.

నీలవేణికి మాత్రం ఒక చిక్కు వచ్చిపడింది. ఒకే ఇంటికి వెళ్ళినప్పుడు ఆ రాకపోకల ఖర్చును ఆ ఇంట్లో రోగులందరికీ పంచాలని పథకంలో ముందే రాసి ఉంది. ఊరంతా ఒకే ఇల్లయ్యేసరికి ఆమె స్కూటీ ఖర్చు ఊరంతటికీ పంచి, సూది గుచ్చించుకున్నవాళ్ళ వంతు మాత్రమే ఇచ్చారు. నాయుడి వంతుకు ఆమె వీధి మొదలు కూడా దాటి రాలేదని లెక్క తేలింది. ఈ లెక్కన నెలలో ల్యాబువాళ్ళు నన్ను రావడం మానేయమంటారు తాతా అని ఆమె దిగులుగా చెప్పింది.

ఆ మాట సంతలో పడింది. ఊరు ఊరంతా వచ్చి చేతులు చాపింది. నాయుడి సూది నిలబడాలంటే అందరూ గుచ్చించుకోవాలి. వంతు వంతుకూ వచ్చే పిసరు కలిస్తే ఆమె రాకపోకలకు సరిపోతుంది. బడి మాస్టార్లు గుచ్చించుకున్నారు. బెల్లం వర్తకులు గుచ్చించుకున్నారు. పోలినాయుడు కూడా వచ్చి మొహం పక్కకు తిప్పుకుని చెయ్యి చాపాడు. ఊళ్ళో ఎవరి చక్కెర ఎంతో, ఎవరి కొవ్వు ఎంతో అందరికీ తెలిసిపోయింది. పెళ్ళిచూపుల్లో జాతకంతోపాటు అదీ అడిగేవారు. తవిటినాయుడి రక్తం మళ్ళీ ల్యాబుకు చేరింది. డాక్టరు మాత్ర రాశాడు. పిక్క వాపు తీసింది.

ఇంతమంది రోగులున్న ఇల్లు రాష్ట్రంలోనే లేదని రాజధానిలో తేల్చారు. చక్రధరానికి సన్మానం ఏర్పాటు చేశారు. శాలువా, పెద్ద సభ, పదోన్నతి. రమ్మని కబురు వచ్చింది.

చక్రధరం జీపెక్కి ఊరవతలకు వెళ్ళి, గడప ముందు ఆగి, చాలాసేపు ఆలోచించాడు. ఆయన ఇంటిపెద్ద. ఆయన దాటితే ఊరంతా దాటినట్టే. ఊరంతా దాటితే సన్మానం దేనికి? దాటకపోతే శాలువా ఎవరికి కప్పుతారు? చుట్టపుచూపుగా వచ్చానని చెప్పి పోదామంటే కింద సంతకం తనదే. చెప్పులు చేత్తో పట్టుకుని సంతలోకి నడిచి వచ్చి, తవిటినాయుడి పక్కన గడ్డిమోపు మీద కూలబడ్డాడు. మొదటిసారి మామూలు మనిషిలా మాట్లాడాడు.

"ఏం చెయ్యమంటావయ్యా నాయుడూ?"

నాయుడు ఆయన మొహం చూశాడు. అమ్ముడుపోని ఎద్దును తోలుకుని ఇంటికి పోయే రైతు మొహం అది. జాలేసింది.

"తవరెల్లండి బాబూ. గడపని ముందు ఎల్లనివ్వండి" అన్నాడు.

అలాగే చేశారు. గడపను లారీ ఎక్కించారు. లారీ ముందు, జీపు వెనక. లారీ ఎంత ముందుకు పోతే ఇల్లు అంత ముందుకు పోయింది. పట్నం ఇంట్లోకి వచ్చింది. పెద్దాసుపత్రీ ల్యాబూ వచ్చాయి. రెండు నదులూ, నాలుగు జిల్లాలూ ఇంట్లోకి వచ్చాయి. చక్రధరం ఎక్కడా గడప దాటలేదు. రాజధానిలో సభాభవనం వెనకగోడ అవతల గడపను దించి, ఆయన ముందుగుమ్మంలోంచి వెళ్ళి ఇంట్లోనే శాలువా కప్పించుకున్నాడు. మంత్రులు చప్పట్లు కొట్టారు. తామూ లోపలే ఉన్నామని తెలిశాక ఇంకా గట్టిగా కొట్టారట. గడపను వెనక్కి పంపుదామని ఎవరో అంటే, పంపితే మనమంతా బయటపడతామని ఇంకెవరో గుర్తు చేశారు. అది అక్కడే ఉండిపోయింది.

దసరా ముందు లక్ష్మివారం సంత కిటకిటలాడింది. తవిటినాయుడు తన చోట నిలబడి, కుడిచెయ్యి తువ్వాలు కింద పెట్టి, ఒంగోలు జత బేరంలో ఉన్నాడు. ఎడమచేతికి నీలవేణి రక్తం తీస్తోంది. ఎక్కడ తీశావు అన్న గడిలో ఇంట్లో అని రాసింది. అదీ ఉన్నమాటే.

అప్పుడు గున్నమ్మ జనాన్ని తోసుకుంటూ వచ్చింది. పసుపు గిన్నె చేతిలోనే ఉంది. రాయడానికి గడప లేదు.

"గడప నేని కొంపయిపోయింది" అంది. "తలుపు కింద జానెడు సందు. నిన్న కుక్కపిల్ల దూరింది. రేపు దొంగోడు దూరతాడు."

నాయుడు ఆకాశంకేసి చూస్తూ, తువ్వాలు కింద వేళ్ళు కదపకుండా జవాబు చెప్పాడు.

"దూరడానికి బైట ఎవుడు మిగిలేడే? రాజదానితో సహా అందర్నీ లోనేసీసినాం."

గున్నమ్మ చుట్టూ ఉన్న జనాన్నంతా ఒకసారి కలయజూసింది. తరవాత కొంగు బిగించి, బియ్యం కుండ చూసుకోవడానికి ఇంటికి, అంటే ఇంట్లోనే, గబగబా పరిగెత్తింది.